ఆ పది నిమిషాలు

నేను రాస్తున్న కథలో ఒక జబ్బు కల్పించాను, అది వచ్చినాయనకి ఆర్కే బీచ్‌లో ఒక్క అల ఒడ్డుకి చేరడానికి ఒక పూట పట్టినట్టు ఉంటుంది, పక్కనే నిలబడ్డ భార్యకి మాత్రం అది రెండు క్షణాలే. కల్పనే గానీ పూర్తిగా గాల్లోంచి పుట్టింది కాదు. 1930ల్లో హడ్సన్ హోగ్లండ్ అనే అమెరికన్ శాస్త్రవేత్త, జ్వరంతో ఉన్న భార్యని సెకనుకొకటి చొప్పున అరవై లెక్కపెట్టమంటే, ఆవిడ నిమిషం నిండకముందే ముగించేసింది. ఒళ్లు కాలిపోతుంటే లోపలి గడియారం పరుగెడుతుంది, బయటి కాలమేమో సాగదీసినట్టు అనిపిస్తుంది.

మా నాన్నకి టైఫాయిడ్ వచ్చినప్పుడు, మహారాణిపేటలో మందులు కొనుక్కుని పది నిమిషాల్లో వస్తే, "పొద్దున్నుంచి ఎక్కడికి పోయావురా" అని ఏడ్చినంత పని చేశాడు. విసుక్కున్నాను. ఆయనకది నిజంగానే పొద్దంతా అని ఇప్పుడు తెలిసి గుండె పట్టేస్తోంది.

నా కథలో ఆ భార్య విసుక్కోదు, చెయ్యి పట్టుకుని ఆయనతో పాటే అలలు లెక్కపెడుతుంది.