పది రోజులు కుక్కని చూసుకోండి

డాక్టరుగారు కుక్కకాటు టీకా చీటీ మీద మూడు తేదీలు రాసి, నాలుగోది రాయబోతూ ఆగారు. "ఇరవై ఎనిమిదో రోజుకి ఎక్కడుంటారమ్మా?" అని అడిగారు. జర్మనీలో ఉంటామండీ అన్నాను. "అయితే ఆ డోసు అక్కడే వేయించండి. ఈలోగా పది రోజులు కుక్కని చూసుకోండి." చూసుకోవాల్సింది పాపని కదా అనుకున్నాను. ఆయన అన్నది కుక్కనే.

మా ఊరు నరసన్నపేట దాటాక వంశధార వైపు వస్తుంది. ఏటా డిసెంబర్‌లో వస్తాం, సంక్రాంతికి వారం ముందు వెళ్ళిపోతాం. జర్మనీలో కారణం లేకుండా బడి మాన్పిస్తే జరిమానా వేస్తారు, పండగ కారణం కిందకి రాదు. పదకొండేళ్ళుగా భోగిమంట వీడియో కాల్‌లోనే చూస్తున్నాను. సరే, ఆ ఏడుపు ఇప్పుడెందుకు.

మాకు కుక్క లేదు. మా అపార్ట్‌మెంట్లో కింది అంతస్తు పెద్దావిడకి ఉంది. దానికి మెడపట్టీ, పట్టీకి బిళ్ళ, ఆ బిళ్ళ వెనక మునిసిపాలిటీకి ఏటా కట్టే కుక్క పన్ను. మా పిల్లలకి అక్కడ ఒక మర్యాద బాగా నేర్పారు: ఏ కుక్కనీ యజమానిని అడక్కుండా ముట్టుకోకూడదు. పెద్దోడికి తొమ్మిదేళ్ళు, చిన్నదానికి ఆరు. ఇద్దరూ ఈ నియమం తప్పరు. నాకూ దాని మీద గట్టి నమ్మకం ఉండేది.

డిసెంబర్ 24న కల్లంలో గడ్డికుప్ప పక్కన తల్లికుక్క ఈనిన గూడు చిన్నదాని కంటపడింది. చుట్టూ చూసింది. అడగడానికి యజమాని ఎవరూ లేరు. నియమం అక్కడితో అయిపోయిందనుకుంది కాబోలు, కళ్ళు కూడా తెరవని ఒక పిల్లని రెండు చేతుల్తో ఎత్తింది. తల్లి ఎక్కణ్ణుంచి వచ్చిందో వచ్చి మోచేతి కింద పన్ను ఆనించింది. గీత పడింది గానీ రక్తం రాలేదు. పిల్లని కింద పెట్టగానే వదిలేసి గూట్లోకి వెళ్ళి పడుకుంది. ఇప్పుడు తలుచుకుంటే అది కరవడం కూడా కాదు, చెయ్యి తియ్యమని చెప్పడం. అప్పుడు మాత్రం నా గుండె ఆగింది.

పసుపూ సున్నం కలిపి పెడదామని మా అమ్మ లోపలికి పరిగెత్తింది. వద్దే అని అరిచి పాపని బోరింగు దగ్గరికి లాక్కెళ్ళి, సబ్బుతో పదిహేను నిమిషాలు గడియారం చూసి మరీ కడిగాను. రేబిస్ వైరస్‌ని గాయం దగ్గరే కడిగేయడానికి అంతకు మించిన మొదటి పని లేదు. కారం, సున్నం, ఆకు పసరు ఏదీ పెట్టకూడదు. అమ్మ అలిగింది. "మీకందరికీ అదే పెట్టి పెంచినాను, చచ్చిపోనారేటి?" అంది.

నా భయం వేరే. మా చిన్నప్పుడు కుక్క కరిస్తే బొడ్డు చుట్టూ 14 ఇంజెక్షన్లు. మా వీధిలో ఒక అబ్బాయిని రోజూ సైకిలు వెనక కూర్చోబెట్టుకుని తీసుకెళ్ళేవారు, వాడి ఏడుపు మలుపు దాకా వినబడేది. అది గొర్రె మెదడు నుంచి తయారుచేసే పాత టీకా, 1911లో కసౌలీలో డేవిడ్ సెంపుల్ అనే ఆయన రూపొందించింది. దాన్ని మన దేశంలో 2004 చివర్లో మానేశారు. ఇప్పుడు చేతి చర్మంలో చిన్న సూదులు, కరిచిన రోజు, మూడో రోజు, ఏడో రోజు, ఇరవై ఎనిమిదో రోజు, అంతే. రక్తం వచ్చి ఉంటే గాయం చుట్టూ ఇంకో మందు కూడా ఎక్కించేవారట. మండల కేంద్రంలో ఆసుపత్రి నర్సు సూది వేస్తుంటే చిన్నది "అయిపోయిందా?" అంది. నేనే వణికాను.

పది రోజుల లెక్క ఎందుకో డాక్టరుగారు పెద్దోడికి చెప్పారు. రేబిస్ వైరస్ కాటు దగ్గర నుంచి నరాల వెంట మెదడుకి పాకుతుంది. అక్కణ్ణుంచి లాలాజల గ్రంథుల్లోకి దిగుతుంది. చొంగలోకి వచ్చేసరికి కుక్కకి రోజులు దగ్గరపడినట్టే. అందుకని పదో రోజుకి కూడా అది తింటూ తిరుగుతూ మామూలుగా ఉంటే, కరిచిన పూట దాని నోట్లో వైరస్ లేదన్నమాట. అలాగని సూదులు ఆపడానికి లేదు, రెండూ కలిసి నడవాలి. ఎందుకంటే జబ్బు లక్షణాలు బయటపడ్డాక మనిషికైనా కుక్కకైనా దాదాపు మందు లేదు. వాడు కళ్ళార్పకుండా విన్నాడు. వాడు పుట్టిన దేశంలో ఈ భయం లేదు. గబ్బిలాల సంగతి వదిలేస్తే, 2008 నుంచి జర్మనీలో రేబిస్ లేదు. నక్కల కోసం టీకా కూరిన ఎరల్ని ఏళ్ళ తరబడి విమానాల నుంచి అడవుల్లో చల్లి సాధించారు.

ఇంటికొచ్చి గళ్ళ నోటుబుక్కు తీశాడు. తేదీ, టైము, తిండి, నీళ్ళు, చొంగ, గొంతు మార్పు అని గీతలు గీశాడు, అన్నీ జర్మన్‌లో. "దాని పేరేంటి అమ్మమ్మా?" అన్నాడు. "పేరేటి, కుక్క." "ఓనర్ ఎవరు?" "వీధి కుక్కరా బాబూ, ఓనరేటి దానికి?" "మరి నువ్వు అన్నం పెడతావు కదా?" "పెడతాను. అయితే?" వాడికి ఆ గడిలో ఏం రాయాలో తోచక ఖాళీగా వదిలేశాడు.

మొదటి రెండు రోజులు అరుగు మీద నుంచే చూశాడు. పొద్దున్నే అమ్మ డొక్కు సత్తు గిన్నెలో గంజీ చద్దన్నమూ పోస్తుంది. కుక్క వస్తుంది, తింటుంది, వెళ్తుంది. గుమ్మం దాటదు. ఎవరూ నేర్పలేదు, గొలుసు లేదు. మధ్యాహ్నమంతా నిద్ర. పొద్దు వాలాక లేచి రామాలయం దాకా వెళ్ళి, అక్కడి కుక్కలతో ఒక మాటు మొరుగుడు పంచాయితీ చేసి, తిరిగొస్తుంది. రామాలయం దాటి ఎందుకు వెళ్ళదని వాడి ప్రశ్న. అక్కణ్ణుంచి వేరే గుంపు హద్దు అన్నాను. "బోర్డు లేదు కదా?" "ఉంది, స్తంభం మీద. మనకి చదవడం రాదు." ముక్కులో మనకి వాసన పట్టే కణాలు అరవై లక్షల దాకా ఉంటే కుక్కకి ఇరవై కోట్ల పైనే. పైగా వదిలే ఊపిరి ముక్కు పక్కనున్న చీలికల్లోంచి పోతుంది కాబట్టి లోపలికి వచ్చే వాసన చెదరదు. కాలెత్తి వెళ్ళిన కుక్క ఎవరిదో, ఆడదో మగదో, ఎప్పుడు వెళ్ళిందో ఆ స్తంభం దగ్గర దానికి తెలిసిపోతుంది.

డిసెంబర్ 28 దగ్గర వాడి రాతలో ఒక ఆశ్చర్యార్థకం ఉంది. పిల్లలు కళ్ళు తెరిచాయి. రెండు వారాలకి తెరుస్తాయి కాబట్టి ఎప్పుడు పుట్టాయో వెనక్కి లెక్కేశాడు. "చిత్తకార్తె పిల్లలురా అవి" అని అమ్మ తేల్చేసింది. చిత్తకార్తె ఏంటని వాడు నా వైపు తిరిగాడు. అక్టోబర్‌లో వచ్చే వానల కార్తె అని చెప్పి ఊరుకుందామనుకున్నాను. వాడు కడుపుతో ఉండే 63 రోజులూ తీసేసి, సరిగ్గా అక్టోబర్ మధ్యకి వచ్చి, "అమ్మమ్మకి బయాలజీ వచ్చు!" అన్నాడు. మన వీధి కుక్కలు ఎక్కువగా ఏడాదికోసారి, వానాకాలం చివర్లో జతకడతాయి. తోడేళ్ళకీ ఏడాదికోసారే. మనం తిట్టుగా వాడే మాటలో ఇంత లెక్క ఉందని నాకూ అప్పుడే తట్టింది.

31న ఐదు పిల్లలు నాలుగయ్యాయి. గడ్డి దింపడానికి వచ్చిన ట్రాక్టరు వెనక్కి నడిపారు. పెద్దోడు అన్నం తినలేదు. "ఎవరూ పోలీసులకి చెప్పరా?" అని చిన్నది. అమ్మ మాత్రం ఆ పూట గంజిలో ఇంకో గరిటె అన్నం కలిపింది, ఏమీ అనలేదు. నాకు చెప్పడానికి ఉన్నది ఒక లెక్కే. కోల్‌కతాలో ఐసర్ అనే సైన్సు పరిశోధన సంస్థలో అనిందితా భద్ర బృందం వీధి కుక్కల మీదే పని చేస్తుంది. వాళ్ళు 95 ఈతల్లో పుట్టిన 364 పిల్లల్ని గమనిస్తే, ఏడు నెలల వయసు దాకా బతికినవి నూటికి 19. చావుల్లో సగానికి పైగా మనుషుల వల్లే. "అయినా మనుషుల పక్కనే పిల్లల్ని ఎందుకు పెడుతుంది?" అన్నాడు పెద్దోడు. తిండి ఉన్న చోటే మనిషీ ఉంటాడు కదా అన్నాను. ఆ జవాబు వాడికి చాలలేదు, నాకూ చాలలేదు.

ఇక భాష గొడవ. మా ఇంట్లో నేను తెలుగులో అడుగుతాను, వాళ్ళు జర్మన్‌లో చెబుతారు. బతిమాలి, బెదిరించి, ఆదివారం తెలుగు క్లాసులో చేర్చి చూశాను. ఊళ్ళో కూడా అమ్మతో అత్తెసరు మాటలే. ఆరో రోజున దూరం నుంచే పెద్దోడు కుక్కకి "జిట్స్" అన్నాడు, కూర్చో అని. కింది అంతస్తు కుక్క ఆ మాటకి టక్కున కూర్చుంటుంది. ఇది చెవి కూడా కదపలేదు. అమ్మ "చ్చొ చ్చొ, దా" అంది. వచ్చేసింది. "దీనికి జర్మన్ రాదు" అని వాడు నోటుబుక్కులో రాసుకున్నాడు. ఆ సాయంత్రం నుంచి దానితో తెలుగే. "రా. తిన్నావా? నీళ్ళు తాగు. పిల్లలు ఎక్కడ?" నా ఇన్నేళ్ళ పోరుకి లొంగనివాడు వీధి కుక్కకి లొంగిపోయాడు.

వాడి తీర్మానం పూర్తిగా సరి కాదనే సంగతి నాకు తెలుసు. కుక్క వెళ్ళింది అమ్మ మాటకి ఎంతో, గరిటె చప్పుడుకీ గొంతుకీ అంతే. కానీ పూర్తిగా తప్పూ కాదు. లౌరా కువాయా అనే పరిశోధకురాలు మెక్సికో నుంచి హంగరీకి వెళ్తూ తన కుక్కని వెంట తీసుకెళ్ళింది. బుడాపెస్ట్‌లో జనం వేరే భాష మాట్లాడుతున్నారని కుక్కకి తెలుస్తుందా అనేది ఆవిడకి వచ్చిన అనుమానం. 18 కుక్కల్ని స్కానర్‌లో కదలకుండా పడుకోవడానికి అలవాటు చేసి, ఒకే కథని స్పానిష్‌లో, హంగేరియన్‌లో వినిపించారు. వాటి మెదడు రెండు భాషల్నీ వేరువేరుగా పట్టుకుంది. వయసు పెరిగిన కుక్కల్లో ఆ తేడా ఇంకా స్పష్టం, అన్నేళ్ళు ఇంటి భాష విన్నాయి మరి. ఇది వాడికి చెబితే నవ్వాడు. నేను నవ్వలేకపోయాను. పిల్లల గురించి నేను అడగాల్సిన ప్రశ్న ఆవిడ కుక్క గురించి అడిగింది. జవాబివ్వకపోయినా వినడం మాత్రం ఊరికే పోదని నాకు నేను చెప్పుకున్నాను. అది ఆ పరిశోధనలో ఉన్న మాట కాదు, నా ఆశ.

జనవరి 3, పదో రోజు. తిండి సరే, నీళ్ళు సరే, చొంగ లేదు. పిల్లలు నాలుగూ తూలుతూ గూట్లోంచి బయటికొచ్చాయి. తల్లి మమ్మల్ని చూసి లేవలేదు, తోక ఒకసారి నేలకేసి కొట్టింది. "దగ్గరికి వెళ్ళొచ్చా?" అని చిన్నది అమ్మమ్మని అడిగింది. "ఇక్కడే నిలబడి సూడు, అదే వొస్తాది" అంది అమ్మ. ఒక పిల్ల వచ్చి దాని చెప్పు వాసన చూసి వెళ్ళింది. అంతకు మించి ఏమీ జరగలేదు. దానికే చిన్నది ఆ రాత్రంతా పూనకం వచ్చినట్టు చెప్తూనే ఉంది.

జనవరి 21న జర్మనీలో పిల్లల డాక్టరు దగ్గర నాలుగో డోసు. మన ఆసుపత్రి చీటీ తీసి చూపించాను. ఆవిడ శ్రద్ధగా చదివి, కంప్యూటర్‌లో ఫారం తెరిచి ప్రశ్నలు మొదలుపెట్టింది. కుక్కని తర్వాత గమనించారా? పెద్దోడు బ్యాగులోంచి గళ్ళ నోటుబుక్కు తీసి బల్ల మీద పెట్టాడు. ఆవిడ పేజీలు తిప్పుతూ, మధ్యలో జర్మన్ ఆగిపోయి తెలుగు అక్షరాలు మొదలైన చోట ఒక్క క్షణం ఆగింది. తర్వాతి ప్రశ్న, యజమాని పేరు.

"అమ్మమ్మ" అంది చిన్నది. "కాదు, అమ్మమ్మ అన్నం పెడుతుంది అంతే" అన్నాడు పెద్దోడు. "అయితే అమ్మమ్మదే." "కాదే, వీధిది!" ఇద్దరూ తెలుగులో పోట్లాడుకుంటున్నారు. డాక్టరు కీబోర్డు మీద వేళ్ళు పెట్టి నా వైపు చూస్తోంది.