పది రోజులు, మళ్లీ పది రోజులు

కోర్టు అమీనా తెచ్చిన సమన్ల మీద సంతకం పెట్టిన రోజు నేను పెద్దగా కంగారు పడలేదు. ఇంటి స్లాబు కోసం ప్రాంసరీ నోటు రాసి 4 లక్షలు తీసుకున్నది నిజం. అందులో సగానికి పైగా బ్యాంకు ద్వారా తీర్చిందీ నిజం. అప్పిచ్చినాయన వేసిన దావాలో మాత్రం పైసా ముట్టనట్టు మొత్తం అసలూ వడ్డీ అడిగారు. జవాబుదావాకు (దావాకు రాతపూర్వకంగా ఇచ్చే జవాబు) 30 రోజుల గడువు ఉంటుందని విన్నాను కనుక కాగితాలు బీరువాలో పెట్టేశాను.

ఐదో రోజు సాయంత్రం వకీలుగారి దగ్గరికి వెళ్లాను. ఆవిడ ప్లెయింటు (దావా పత్రం) మొదటి పేజీ తీసి, దావా నంబరు కింద ఉన్న లైను మీద వేలు పెట్టారు. సివిల్ ప్రొసీజర్ కోడ్, ఆర్డర్ 37 కింద వేసిన దావా అని ఉంది.

“మాస్టారూ, ఇది సమ్మరీ సూట్. మీరు నేరుగా జవాబు చెప్పుకోవడానికి లేదు. చెప్పుకోనివ్వమని ముందు కోర్టును అడగాలి. సమన్లు ఎప్పుడు ముట్టాయి?”

ఐదు రోజులైందనగానే అప్పటికప్పుడు వకాల్తా మీద సంతకం పెట్టించుకున్నారు. సమన్లు అందిన 10 రోజుల్లోగా కోర్టులో హాజరు నమోదు చేసి, నోటీసులు అందుకునే చిరునామా ఇవ్వాలి. అవతలి వకీలుకూ ఆ సంగతి తెలపాలి. అది చేయకపోతే దావాలో రాసిందంతా నేను ఒప్పుకున్నట్టే లెక్క, డిక్రీ ఇచ్చేయొచ్చు. సరైన కారణం చూపిస్తే ఆలస్యాన్ని మన్నించే అధికారం కోర్టుకు ఉందట. కానీ కాగితాలు బీరువాలో పెట్టి మరిచిపోవడం ఏపాటి కారణం? ఎనిమిదో రోజున హాజరు వేశాం.

అంతటితో అయిపోయిందనుకున్నాను. కొన్నాళ్లకు సమన్స్ ఫర్ జడ్జిమెంట్ అని, తీర్పు కోరుతూ ఇంకోటి వచ్చింది. దాంతోపాటు వాది అఫిడవిట్. నేను ఇంత బాకీ ఉన్నానని, ఈ దావాకు నా దగ్గర జవాబేమీ లేదని తన నమ్మకమని ప్రమాణం చేశాడు. నా ఖాతా నుంచి ఏడుసార్లు డబ్బు అందుకున్న మనిషి ఆ మాట రాశాడు. ఆ రాత్రి నిద్ర పట్టలేదు.

అది అందిన రోజు నుంచి మళ్లీ 10 రోజులు. ఈలోగా లీవ్ టు డిఫెండ్ (జవాబు చెప్పుకునే అనుమతి) కోసం అఫిడవిట్‌తో దరఖాస్తు పెట్టాలి. అసలు కష్టం ఇక్కడే. నేను కోపంతో ఆరు పేజీలు రాసుకెళ్లాను. వకీలుగారు దాదాపు అంతా కొట్టేశారు. ఆవిడకు కావలసింది తేదీ, మొత్తం, ఏ ఖాతా నుంచి ఏ ఖాతాకు, నోటు వెనక జమ ఎందుకు రాయించుకోలేదు అన్నవి. ఒకే వీధివాళ్లం కదా అన్న మొహమాటమే కారణం. అదే రాశాం. బ్యాంకు స్టేట్‌మెంటు జతపరిచాం. ‘ముట్టింది’ అని వాది పెట్టిన రెండు వాట్సాప్ మెసేజ్‌లు కూడా.

సంతకం నాది కాదని చెప్పమని ఒక బంధువు సలహా ఇచ్చాడు. అది అబద్ధం, చెప్పనన్నాను. పైగా సంతకం రుజువైతే డబ్బు ముట్టిందనే చట్టం భావిస్తుంది (నెగోషియబుల్ ఇన్‌స్ట్రుమెంట్స్ చట్టం, సెక్షన్ 118). అలాంటి అబద్ధం చెప్పాక నా నిజమైన చెల్లింపులను మాత్రం ఎవరు నమ్ముతారు?

కట్టినవి పోను, వడ్డీ లెక్కేస్తే 1,65,000 ఇంకా బాకీ తేలింది. దాన్ని ఒప్పుకుంటూ రాశాం. అలా ఒప్పుకున్న సొమ్ము కోర్టులో డిపాజిట్ చేస్తేనే అనుమతి ఇస్తారని వకీలుగారు ముందే చెప్పారు. చెప్పొద్దూ, చేయి వణికింది. అంత డబ్బు చేతిలో లేదు.

నా దరఖాస్తుకు జవాబుగా వాది వేసిన కౌంటర్‌లో కొత్త సంగతి బయటపడింది: ఆ ఏడు చెల్లింపులూ వేరే చేబదులు కిందవట! చేబదులుకు కాగితం లేదు, తేదీ లేదు, సాక్షి లేడు. దరఖాస్తు మీద వాదనలు పావుగంట కూడా పట్టలేదు. అనుమతి ఇవ్వడమే మామూలు పద్ధతి, నిరాకరించడం మినహాయింపు అని 2022లో సుప్రీంకోర్టు బి.ఎల్. కశ్యప్ కేసులో చెప్పిన మాటను మా వకీలుగారు చదివి వినిపించారు. ఆ డబ్బు నోటు బాకీకి కట్టిందా, చేబదులుకు కట్టిందా అన్నది సాక్ష్యం విన్నాకే తేలాలి అన్నారు జడ్జిగారు. ఒప్పుకున్న మొత్తం నాలుగు వారాల్లో డిపాజిట్ చేయాలన్న షరతుతో అనుమతి ఇచ్చారు.

మా ఆవిడ గాజులు కుదువ పెట్టి ఇరవయ్యో రోజున కట్టేశాను. ఆ రసీదు మెమోతో దాఖలు చేసి, తర్వాతి వాయిదాకు జవాబుదావా వేశాం. దావా ఇప్పుడు సాక్ష్యాల దశలో ఉంది. వచ్చే వాయిదాలో ఆ చేబదులు గురించి వాదిని మా వకీలుగారు క్రాస్ చేస్తారు, అంటే ఎదురు ప్రశ్నలు వేస్తారు.