పంది మాంసం స్ట్యూ: మెత్తబడే దాకా నేను పడ్డ తంటా

సన్నని మంట మీద గంటల తరబడి ఉడికించే పంది మాంసం స్ట్యూను నిన్న ఇంట్లో మొదటి నుంచి చివరి దాకా నేనే వండాను. అది చాలా బాగా వచ్చింది. అయితే వంట మధ్యలో నన్ను పూర్తిగా అయోమయంలో పడేసిన ఒక దశ గురించి, నేను చదివిన వంట వివరణల్లో ఒక్కదానిలోనూ సరైన మాట లేదు. ఆ కోపం చల్లారకముందే ఇది రాస్తున్నాను.

చికాకు మాంసం కొనే దగ్గరే మొదలైంది. భుజం భాగం కిలోన్నర కావాలని నేను స్పష్టంగా అడిగితే, కొట్టు యజమాని నన్ను ఎగాదిగా చూసి, అందులో కొవ్వూ నరాలూ తప్ప ఏమీ ఉండవనీ, వంట తెలిసినవాళ్లు వెన్ను పక్కన ఉండే కొవ్వులేని కండే తీసుకుంటారనీ అందరూ వింటుండగా అన్నాడు. ఆ మాట స్ట్యూ విషయంలో పూర్తిగా తప్పు. వెన్ను పక్క కండకు శ్రమ తక్కువ కాబట్టి దానిలో కొల్లాజెన్, అంటే కండను పట్టి ఉంచే గట్టి ప్రొటీన్, తక్కువగా ఉంటుంది. అది త్వరగా ఉడుకుతుంది, ఆ తర్వాత ఎంతసేపు మంట మీద ఉంచితే అంతగా పొడిబారి పీచుపీచుగా మారుతుంది. భుజం మాత్రం జంతువు బరువును మోస్తూ నిత్యం కదిలే భాగం. అందులో పొరలు పొరలుగా ఉండే కొల్లాజెనే నిదానంగా కరిగి, జిగురులాంటి జెలటిన్‌గా మారి, పులుసుకు చిక్కదనాన్ని ఇస్తుంది. అమ్మేవాడు ఏమన్నా సరే, భుజమే అడగండి. ముక్కలను నాలుగు సెంటీమీటర్లకు తగ్గకుండా కోయించుకోండి, ఎందుకంటే చిన్న ముక్కలు చివరికి విడిపోయి పులుసులో కలిసిపోతాయి.

ఉల్లిపాయలు, వెల్లుల్లి, క్యారెట్లు తరగడంలో చెప్పుకోదగ్గ విశేషం లేదు.

ముక్కల తడిని గుడ్డతో పూర్తిగా అద్ది, ఉప్పు పట్టించి, అడుగు మందంగా ఉన్న గిన్నెలో కొంచెం కొంచెంగా వేసి ఎర్రగా వేయించాను. నీళ్లలో ఉడికేది ఎంత ఉడికినా నూరు డిగ్రీలు దాటదు కాబట్టి దానికి ఆ ఎరుపూ ఆ వాసనా రావు. ఫ్రెంచి రసాయన శాస్త్రవేత్త లూయీ కమీయ్ మయ్యార్ 1912లో వివరించిన రసాయన చర్య వల్లే అవి వస్తాయి. పొడిగా, బాగా వేడిగా ఉన్న ఉపరితలం మీదే అది చురుగ్గా జరుగుతుంది. ఇలా వేయిస్తే రసం లోపలే బంధించబడుతుందని ఇప్పటికీ చాలామంది రాస్తున్నారు, అది నిజం కాదు. గిన్నెలో వినిపించే ఆ చిటపటలే రసం బయటికి పోతోందనడానికి సాక్ష్యం. వేయించేది రుచి కోసమే. తర్వాత ఉల్లి, వెల్లుల్లి మగ్గించి, అడుగున అంటుకున్న గోధుమరంగు పొరను నీళ్లతో గీకి కలిపి, మిరియాలూ బిర్యానీ ఆకూ వేసి, ముక్కలు మునిగేదాకా నీళ్లు పోసి, అక్కడక్కడ ఒక బుడగ లేచేంత సన్నని మంట మీద పెట్టాను.

అసలు పరీక్ష గంటన్నర తర్వాత వచ్చింది. వంట వివరణలో గంటన్నరకు మాంసం మెత్తబడుతుందని ఉంది. ఒక ముక్క తీసి కొరికితే రబ్బరులా సాగింది. అరగంట ముందు చూసినప్పటి కంటే ఇంకా గట్టిపడింది. అప్పటికే భోజనానికి వచ్చి కూర్చున్న మా పిన్ని వంటింట్లోకి వచ్చి, గరిటెతో ముక్కను నొక్కి చూసి, "ఇది ఇక ఉడికేది కాదు, కుక్కర్‌లో వేసెయ్, లేకపోతే మంటైనా పెంచు" అని మిగతావాళ్లందరికీ వినబడేలా అన్నారు. పొద్దుటి నుంచి చేసిన పని మీద అందరి నమ్మకం ఆ ఒక్క మాటతో పోయినట్టు నాకు అనిపించింది.

అయినా మంట పెంచలేదు. మాంసం అరవై డిగ్రీలు దాటి అరవై ఐదుకు చేరేసరికి, కండరపు పోగులూ వాటిని చుట్టి ఉన్న కొల్లాజెన్ పొరలూ ముడుచుకుని లోపలి నీటిని పిండేస్తాయి. కొల్లాజెన్ కరగడం డెబ్బై డిగ్రీలు దాటాకే చెప్పుకోదగ్గ స్థాయిలో మొదలవుతుంది, అది కూడా గంటల మీద జరిగే పని. అంటే నీరు పోయి, కొల్లాజెన్ ఇంకా కరగని మధ్య దశ ఒకటి తప్పనిసరిగా వస్తుంది. మాంసం అత్యంత గట్టిగా ఉండేది అప్పుడే. ఆ ముక్క చెడిపోలేదు, సగం దారిలో ఉంది. తెరలకాగేలా మంట పెంచినా నీటి వేడి నూరు డిగ్రీలు దాటదు, పోగులు మాత్రం ఇంకా బిగుసుకుపోతాయి. కుక్కర్‌ను నేను తక్కువ చేయడం లేదు. ఫ్రెంచి శాస్త్రవేత్త డెనీ పపాఁ 1679లో దాని మూలరూపాన్ని తయారు చేసింది ఎముకలను సైతం మెత్తబరచడానికే. కానీ అందులో మాటిమాటికీ మూత తీసి ముక్కను చూడలేం, పులుసు నిదానంగా మరిగి చిక్కబడదు.

రెండున్నర గంటలు దాటాక ముక్కలో ఫోర్కు గుచ్చి తిప్పితే అది అడ్డు చెప్పకుండా విడిపోయింది. వంట వివరణలు రాసేవాళ్లకు నేను చెప్పేది ఒక్కటే: పాఠకులు భయపడతారని వంట సమయాన్ని బాగా తగ్గించి రాయడం వాళ్లను మోసం చేయడమే. గంటల లెక్క రాయకపోయినా పరవాలేదు, ఫోర్కు తిప్పి చూడమని రాయండి.

బంగాళాదుంపలూ క్యారెట్లూ చివరి నలభై నిమిషాల్లోనే వేయాలి. పులుపు కూరగాయలను మెత్తబడనివ్వదు కాబట్టి, టమాటాలను దుంపలు ఉడికాకే కలిపాను. రాజ్మా వేసేవాళ్లు మాత్రం గింజలను రాత్రంతా నానబెట్టి, ఆ నీళ్లు పారబోసి, కొత్త నీళ్లలో కనీసం పది నిమిషాలు తెరలకాగేలా ఉడికించి అప్పుడే కలపాలి. వాటిలో ఉండే విషపదార్థం సన్నని వేడికి నశించదు, విపరీతమైన వాంతులు తెస్తుంది. ఈ హెచ్చరిక కూడా నేను చదివినవాటిలో లేదు.

భోజనం ఆలస్యమైన మాట నిజమే. కానీ గిన్నె దించాక మాట్లాడినవాళ్లు లేరు, పిన్ని రెండోసారి అడిగి వేయించుకున్నారు. ఇంత మంచి స్ట్యూ నేను బయట ఎక్కడా తినలేదని నిస్సంకోచంగా చెప్పగలను.

మిగిలినదాన్ని లోతు తక్కువ గిన్నెల్లోకి మార్చి రెండు గంటల్లోపే ఫ్రిజ్‌లో పెట్టాను. ఈ ఉదయం పైన తెల్లగా పేరుకున్న కొవ్వును చెంచాతో తీసేస్తే, కింద పులుసంతా జెల్లీలా గడ్డకట్టి ఉంది. దాన్ని మూడు నాలుగు రోజులు వాడుకోవచ్చు. తినబోయేంత మాత్రమే తీసి, సన్నని మంట మీద మళ్లీ పొగలు వచ్చేదాకా కాచుకోవాలి.