యాభై దాటినా ఆటకు దిగిండు

నిన్న పొద్దుమీకి ఎన్జీ కాలేజీ గ్రౌండ్ల వాలీబాల్ ఆడుతుంటే ఓ పిలగాడు "కాకా, మోకాలు నొస్తుంది గదా, జర కూసో" అన్నడు. ప్రేమతోనే అన్నడు. అయినా మనసు చివుక్కుమంది.

రాత్రి ఫోన్ల యారొమిర్ యాగర్ ఆట పెట్టుకొని చూసిన. మన నల్లగొండల ఐస్ హాకీ చూసెటోళ్లు తక్కువ, నాకు మాత్రం ఆయనంటే పానం. చెక్ దేశంల క్లాడ్నో ఊరాయన. 1990ల అమెరికాల పిట్స్‌బర్గ్ టీంకు పోయి, 1991, 1992ల వరుసగా ఆడి ఎన్‌హెచ్ఎల్ (అమెరికా, కెనడాల పెద్ద ఐస్ హాకీ లీగ్) విజేతకిచ్చే స్టాన్లీ కప్పు గెలిచిండు. 1998ల నగానో ఒలింపిక్స్ గోల్డు. ఎన్‌హెచ్ఎల్‌ల 766 గోల్స్! వీపు మీది నంబరు 68. సోవియట్ సైన్యం వాళ్ల దేశం మీద పడ్డది 1968ల, తాత పోయింది గూడ ఆ ఏడే. ఆ యాది ఎన్ని టీంలు మారినా మొయ్యాల్నంటే చిన్న ముచ్చట కాదు.

యాభై దాటినంక గూడ సొంతూరి టీంకు ఆడిండు, అప్పుడు ఆ టీం ఓనరూ ఆయనే.

మీరు ఒక్కటే చూడాల్నంటే 1992 ఫైనల్స్ మొదటి మ్యాచ్ చూడున్రి. చికాగో మీద 4-1తోని వెనకబడ్డరు. 4-3 అయినంక యాగర్ పక్‌ను (ఆట బిళ్లను) కట్టెకు అంటుకున్నట్టే పట్టుకొని, అడ్డమొచ్చినోళ్లను ఒక్కొక్కర్నే తప్పించుకుంట పోయి, బ్యాక్‌హ్యాండ్‌తోని కొట్టిండు. స్కోరు సమానం. ఆఖరి సెకన్లల్ల యాగర్ టీం కెప్టెన్ లెమ్యూ గోల్ కొట్టి 5-4తోని గెలిపించిండు.