ఎనుమాముల మార్కెట్‌లో విన్న మూడు భాషలు

నిన్న నాన్నతో కలిసి వరంగల్‌లోని ఎనుమాముల మార్కెట్‌కు మిర్చి బస్తాలు తీసుకువెళ్లినప్పుడు, మా పక్క కుప్ప దగ్గర కూర్చున్న ఒక లంబాడీ అవ్వ కొడుకుతో తమ లంబాడీ భాష గోర్‌బోలీలో, అడ్తిదారుతో తెలుగులో, లారీ క్లీనరుతో హిందీలో, ఎక్కడా తడుముకోకుండా మాట్లాడడం చూశాను. "తేమ ఎక్కడున్నదయ్యా, చేతుల వట్టి చూడు" అంటూ ఆమె కాయను విరిచి గలగలలాడించిన తీరు ఇంకా కళ్లముందే ఉంది.

రాత్రి 2011 జనాభా లెక్కల భాషా పట్టికలు తెరిచాను. హిందీ సుమారు 52.8 కోట్లు, బెంగాలీ 9.7 కోట్లు, మరాఠీ 8.3 కోట్లు, మన తెలుగు 8.1 కోట్లు. 2001లో మూడో స్థానంలో ఉన్న తెలుగు నాలుగుకు దిగిందన్న బాధ నాకు పెద్దగా లేదు, ఎందుకంటే మాట్లాడేవారి సంఖ్య 7.4 కోట్ల నుంచి పెరిగిందే తప్ప తగ్గలేదు.

నన్ను ఆపింది మరో వరుస. హిందీ అంకెలో భోజ్‌పురి, రాజస్థానీలతో పాటు లంబాడీని కూడా కలిపారు; ఆ పేరు చెప్పినవారే 32 లక్షలకు పైగా ఉన్నారు. మన ఏజెన్సీలో వినిపించే కోయను మాత్రం విడిగానే చూపారు. గోర్‌బోలీని తన మాతృభాషగా చెప్పుకున్నా, ఆ అవ్వ హిందీ ఖాతాలోనే పడుతుందన్నమాట. ఈ సంగతి మార్కెట్‌లో ఉన్నప్పుడే తెలిసి ఉంటే, లెక్క రాసేవారికి ఏ భాష చెప్పావని అడిగేవాణ్ణి. మేము బయలుదేరేసరికి ఆమె బస్తాలు కాంటా మీదికి ఎక్కుతున్నాయి.