ఎస్‌ఓఎం నాకు సజ్జా దగ్గర అర్థమైంది

సివిల్ సెకండియర్‌లో స్ట్రెంగ్త్ ఆఫ్ మెటీరియల్స్ (ఎస్‌ఓఎం), అంటే బరువు పడితే బీమ్ లాంటివి ఎలా తట్టుకుంటాయో చెప్పే సబ్జెక్టు, పోయింది నాకు. చదవక కాదు. యూడీఎల్ (పొడవంతా సమానంగా పరుచుకున్న బరువు) ఉన్న సింప్లీ సపోర్టెడ్ బీమ్‌కి, అంటే రెండు చివర్లా ఆనించిన దానికి, మధ్యలో మూమెంట్ (వంచే ప్రభావం) డబ్ల్యూ ఎల్ స్క్వేర్ బై 8, అదే ఒక చివర మాత్రమే గోడలో బిగించిన కాంటిలివర్ అయితే గోడ దగ్గర బై 2 (డబ్ల్యూ మీటరుకి బరువు, ఎల్ పొడవు), నిద్రలో లేపి అడిగినా చెప్పేవాణ్ణి. పేపర్‌లో ఓవర్‌హాంగింగ్ బీమ్ (సపోర్ట్ దాటి బయటికి పొడుచుకొచ్చేది) వచ్చేసరికి చెయ్యి ఆడలేదు, దానికి నేను బట్టీ పట్టిన ఫార్ములా ఏదీ సరిపోలేదు మరి.

సప్లీకి చదువుకుందామని ఇంటికొచ్చాను. మా వీధిలో ఇల్లు కడుతున్నారు. సజ్జాకి మెయిన్ కడ్డీలు కిందవైపు కట్టేశాడని మేస్త్రీ కుర్రాడి చేత మొత్తం విప్పిస్తున్నాడు. "స్లాబుకి కింద, సజ్జాకి పైన. ఎన్నిసార్లు చెప్పాలిరా? ఇలాగే పోస్తే సెంట్రింగ్ విప్పగానే ఊడి పడుద్ది."

అక్కడే నిలబడిపోయాను. సజ్జా అంటే నేను బట్టీ పట్టిన కాంటిలివరే. సాగింగ్ (మధ్యలో కిందికి వంగడం) ప్లస్, హాగింగ్ (పైకి ఉబ్బడం) మైనస్ అని నేను గుర్తు మాత్రమే రాసుకున్నాను. ఆయన చెప్పేది ఏ వైపు సాగుతుందో. కాంక్రీటు నొక్కితే తట్టుకుంటుంది, లాగితే అందులో పదోవంతు బలం కూడా ఉండదనుకోవచ్చు, అందుకే లాగుడు ఉన్నవైపు కడ్డీ.

ఆ రాత్రి పెద్ద రబ్బరు ఒకటి తీసుకుని పక్కన నిలువు గీతలు గీసి వంచాను. లోపలివైపు గీతలు దగ్గరైపోయాయి, బయటివైపు విడిపోయాయి, మధ్యలో మాత్రం దూరం మారలేదు. న్యూట్రల్ యాక్సిస్ అంటే ఇదే. స్టీల్ స్కేలు పడుకోబెడితే వేలితో వంగుతుంది, నిలబెడితే కదలదు: 25 మిల్లీమీటర్ల వెడల్పు, 1 మిల్లీమీటర్ మందం ఉన్న స్కేలుకి వంపుని ఎంత ఆపుతుందో చెప్పే బీడీ క్యూబ్ బై 12 (బీ వెడల్పు, డీ ఎత్తు) వేసి చూడండి, 625 రెట్లు తేడా!

ఆ తర్వాత ఏ బీమ్ ఇచ్చినా ముందు అది ఎలా వంగుతుందో పెన్సిల్‌తో గీసేవాణ్ణి. ఓవర్‌హాంగ్ ఉన్న సపోర్ట్ మీద పైకి ఉబ్బుతుంది, అంటే అక్కడ లాగుడు పైన. వంపు తిరగబడే చోటు కాంట్రాఫ్లెక్షర్. లెక్క దాని తర్వాతే. సైన్ తప్పు పడితే బొమ్మే పట్టించేది. సప్లీలో గట్టెక్కాను.

మోర్స్ సర్కిల్ (ఏ కోణంలో ఎంత లాగుడు, ఎంత నొక్కుడు ఉందో చూపే వృత్తం) మాత్రం చాలా రోజులు సతాయించింది. చివరికి ఒక సుద్దముక్కని రెండు చేతులతో పట్టుకుని మెలితిప్పాను. అడ్డంగా కాదు, 45 డిగ్రీల ఏటవాలుగా మెలిక తిరిగి విరిగింది, ఎందుకంటే లాగుడు ఎక్కువగా ఉన్నది ఆ వాలుకి అడ్డంగానే.