మా డొంక లెక్క తేలింది

మా పొలం పక్కన డొంక ఉంది, చిన్నప్పుడు రెండు ఎడ్లబళ్ళు ఎదురుబొదురు పోయేవి, ఇప్పుడు వరికోత మిషన్ రావాలంటే డ్రైవర్ నాలుగుసార్లు దిగి చూసుకుని తిట్టుకుంటూ రావాలి. అవతలోళ్ళు ఏటా జానెడు జానెడు గట్టు జరిపేశారని నాన్న గొడవ. పెద్దమనుషులు రెండుసార్లు కూర్చోబెట్టారు, టీలు తాగి లేచిపోయారు అంతే.

చివరికి నేనే సచివాలయానికెళ్ళి ఎఫ్‌లైన్ సర్వేకి, అదే పొలం హద్దులు కొలిపించుకోడానికి, అప్లికేషన్ పెట్టా. సర్వేయర్ ఎఫ్ఎంబీ (పొలాల కొలతలుండే సర్వే పుస్తకం) తీసి చూపిస్తే డొంక వెడల్పు 30 లింకులు, అంటే ఇంచుమించు 20 అడుగులు. నేల మీద టేపు పెడితే 11! హద్దురాయేమో తుమ్మచెట్టు మొదట్లో మట్టిలో కూరుకుపోయి ఉంది, గునపంతో తవ్వి బయటికి తీశారు. తీరా అక్కణ్ణించి కొలిస్తే అవతలోళ్ళు 6 అడుగులు, మేం 3 అడుగులు లోపలికొచ్చేశాం. నాన్న తలపాగా విప్పి దులుపుకుంటూ అటు తిరిగి నిలబడ్డాడు, నాకు నవ్వాగలేదు.

ఎవరైనా వెనక్కి తగ్గకపోతే ఏం చేస్తారని సర్వేయర్‌ని అడిగా. 1905 నాటి భూ ఆక్రమణల చట్టం ఉందిగా, 7వ సెక్షన్ కింద నోటీసిచ్చి, మనం చెప్పేది విని, ఆ తర్వాతే ఖాళీ చేయిస్తారంట. డబ్బు కట్టి రెగ్యులరైజ్ చేయించుకుందాంలే అనుకునేవాళ్ళకి 2011లోనే సుప్రీంకోర్టు గట్టిగా చెప్పింది, ఊరుమ్మడి భూముల్లో అది మామూలుగా కుదరదని.

మేమే ముందు గట్టు వెనక్కి వేశాం. వారం తిరక్కుండా అవతలాయన కూడా ట్రాక్టర్ తెచ్చాడు, "అన్నా, ఆ రెండు టేకుచెట్లు మాత్రం సంక్రాంతి దాకా ఉండనీ" అన్నాడు. నాన్న సరేనన్నాడు.